నలభై మూడు సెకన్లు

పదిహేడేళ్లు ఆ రాగి గుంతలోకి దిగాను,
మేడంత ట్రక్కు మీద,
వెన్నుపూసలతోనే దారి చదువుకుంటూ.
ఇప్పుడు కలామాకి ఎంతో దూరాన, శాంటియాగోలో,
చలిమర గదిలో కూర్చుని
పదకొండు ట్రక్కుల్ని కనిపెట్టుకుని ఉంటాను.
అవి నన్నేమీ అడగవు.
దాహం లేదు వాటికి, ఒంటేలు లేదు,
తెల్లవారుజామున మూడింటికి కునుకు లేదు.

మొదటి వారమంతా బ్రేకు కోసం నా కుడికాలు
తివాచీని తొక్కుతూనే ఉంది.
పక్క సీటు ఫౌస్తీనో నవ్వాడు.
దుమ్ము మింగి ఎరగడు కుర్రాడు.
నేను దగ్గితే మాత్రం లేచి మంచినీళ్లు తెస్తాడు.

ఇవాళ ఏడో నంబరు ఉన్నట్టుండి ఆగింది.
తొమ్మిదో మలుపు. అడ్డంకి, అంది తెర.
కెమెరా దగ్గరికి లాగాను:
చెవి చిరిగిన ఆ ముసలి కుక్క.
ఒకప్పుడు నా రొట్టెలో సగం దానిదే.

మూడువందల టన్నుల రాయి
ఊపిరి బిగబట్టి నిలబడింది.
కుక్క తలెత్తి చూసింది
డ్రైవరు కిటికీ వైపు,
నా చెయ్యి బయటికొచ్చే చోటుకి.

హారన్ మీట నా వేలి కిందే ఉంది.
నొక్కలేదు.

ఆలస్యం నలభై మూడు సెకన్లు, కారణం ఎంచుకోండి, అంటుంది పట్టిక.
అందులో టైరు ఉంది, సిగ్నల్ ఉంది,
మా ఎడారి మొహం చూడని వాన కూడా ఉంది.
ఆకలి లేదు.
‘ఇతరములు’ దగ్గర టిక్కు పెట్టాను.

ట్రక్కు ఎప్పుడో వెళ్లిపోయింది.
ఎనిమిదో నంబరు కెమెరాలో
కుక్క ఇంకా అక్కడే.