ఏడో గవ్వ ఏడ

చీమకుర్తిలో నాలుగున్నరకి క్వారీ సైరన్ మోగుతుంది.
వినపడగానే ఆట ఆపి
క్యాసెట్ మీద అరచెయ్యి ఆనిస్తాను,
బిడ్డకి జ్వరం చూసినట్టు.
పేలుడు చెవులకంటే ముందు పాదాలకి తెలుస్తుంది.
గూట్లో గిన్నెలు ఒకదానికొకటి తగిలి ఊరుకుంటాయి.
క్యాసెట్ ఊరుకోదు. వెంట్రుకవాసి కదిలిందా,
తెర మీది మనిషి ఎత్తిన కాలు ఎత్తినట్టే నిలబడిపోతాడు,
వాడి వెనక నీళ్లు నిలువుగీతలైపోతాయి.

పెట్టె బూడిదరంగు.
చేసినవాళ్లే చెయ్యటం మానుకుని ఇరవై ఏళ్లు దాటింది.
మాలకొండయ్య గేముల కొట్టు ఎత్తేసిన రోజు
మూడు వందలకి కొన్నా, రెండు వాయిదాల్లో.
గంటకి ఐదు రూపాయలు తీసుకునే మనిషి,
ఆ రోజు టీ కూడా ఇప్పించాడు.

ఆ ఆట మొత్తం నాలుగు భాగాలంట.
మాకు దొరికింది రెండూ మూడూ.
మొదటిది ఎవరూ చూడలేదు.
నాలుగోది వేరే పెట్టెలోకి వెళ్లిపోయింది, మేం కొనలేని దాంట్లోకి.
మొదలూ లేదు, చివరా లేదు, ఉన్న నడిమంతా జపాను అక్షరాలు.
కథ మేమే చెప్పుకున్నాం.
నీలం తలగుడ్డ వాడు డ్రిల్లర్ పోలయ్య.
గడ్డం ముసలాయన వాడి మేనమామ,
కాటా దగ్గర తూకం మోసం చేస్తే పోట్లాడి కొండెక్కినవాడు.
ఆ మంచుకొండ మాకు మంచుకొండ కాదు,
పాలిష్ ఫ్యాక్టరీల వెనక తెల్లబురద గుట్ట.
పెద్ద నీళ్లు రామతీర్థం రిజర్వాయరు.
దాటాలంటే తెప్ప, తెప్ప కావాలంటే
గట్టు మీద ముసలమ్మకి ఏడు గవ్వలియ్యాలి.

పేర్లు పెట్టుకోమంటే
అక్షరాలు ఆకారం చూసి ఏరుకున్నాం.
ఏసోబుకి కొడవలి, కాశింవలికి ముడేసిన తాడు, నాకు గాలం.
ఒక్కో పేరుకి నాలుగు గళ్లు,
నాలుగింట్లోనూ అదే అక్షరం కొట్టాం.

ఏసోబు ఇప్పుడు క్రేను తోలతాడు.
బండరాయిని గాల్లో నిలబెట్టి కింద వాళ్లతో మాట్లాడగలడు.
కాశింవలికి కనిగిరిలో చెప్పుల కొట్టు.
నేను పొద్దున షిఫ్టు, కాటా మీద లారీలు తూస్తాను,
తూకంలో మోసం లేకుండా చూస్తాను,
చూడగలిగినంత వరకు.

పోయిన నెల మా అక్క కొడుకు నిశ్చల్ వచ్చి
డబ్బా టీవీకి ఎదురుగా ఫోన్ పట్టుకున్నాడు.
ఫోన్ అక్షరాలన్నీ గబగబా చదివేసింది.
గడ్డపాయన మేనమామ కాదంట,
ఊరిని తగలబెట్టినవాడంట.
పోలయ్యకి అసలు మాటే రాదంట, మూగవాడంట.
గవ్వలు కూడా గవ్వలు కాదంట, పాలపళ్లంట,
ఆ ముసలమ్మ పిల్లలవి.

మరి నా పేరు? అన్నాను.
వాడు ఫోన్ దగ్గరికి జరిపి చూశాడు.
"షి షి షి షి. ఏం లేదు మామా,
ఎవరో పళ్లు బిగబట్టి నవ్వినట్టుంది."

ముప్పై ఏళ్లు ఆ పేరుతో బతికాను,
బావుందనిపించింది.

క్యాసెట్ లోపల చొక్కా గుండీ అంత బ్యాటరీ,
మా ముగ్గురి గళ్లూ గుర్తుపెట్టుకునేది అదే.
అయిపోవచ్చింది.
మారిస్తే అన్నీ చెరిగిపోతాయి సార్, అన్నాడు ఒంగోల్లో కుర్రాడు.
మార్చకపోతే?
అప్పుడూ పోతాయి, కాకపోతే ఎప్పుడనేది చెప్పలేను.
అట్టనే జేబులో వేసుకుని
పల్లెవెలుగు ఎక్కి వచ్చేశాను.

నిన్న రాత్రి కాశింవలి ఫోన్ చేశాడు.
బాకీ సంగతి ఏదో మాట్లాడి
"ఇంకా ఆడతానే ఉండావా అబ్బయా" అన్నాడు.
కాసేపు వాడి కొట్టు షట్టరు దిగుతున్న చప్పుడు.
తర్వాత అడిగాడు, ఏడో గవ్వ ఏడుంటదీ అని.

తెల్లబురద గుట్ట వెనక
రెండో గుంటలో, అన్నాను.
పాలపళ్లని చెప్పలేదు.