అప్పులన్నీ పోను

గుమాస్తా కళ్ళజోడు పైనుంచి చూస్తూ అడిగింది:
"మీ అప్పులన్నీ తీర్చేశాక
మీరు నాలుగు వేల పౌండ్లు చేస్తారా?"

నలభై ఏడేళ్ళలో నన్నెవరూ
ఇంత సూటిగా తూచలేదు.
"చేస్తాను" అన్నాను.

ఇల్లు బ్యాంకుది. కారు వాయిదాలది.
మిగిలింది సుజన పళ్ళకోసం దాచిన సొమ్ము,
ఇంకా, హల్‌లో కారవాన్లు చేసే ఫ్యాక్టరీలో
కిటికీలకు రబ్బరంచు బిగించే రెండు చేతులు.
చేతుల్ని లెక్కలో రాసుకోలేదావిడ.

డబ్బు అప్పుడే కట్టక్కర్లేదు, అదీ తమాషా.
ఒక సంతకం, ఒక మాట.
వాడు వస్తున్నంతకాలం ఆ మాట గాలి.
రానిరోజున అదే గాలి
దర్జాగా మన జేబులో చెయ్యి పెడుతుంది.

సుజన అంది:
"పక్కింటికి పూచికపుల్ల అరువివ్వవు,
కోర్టుకెళ్ళి పూచీ ఇచ్చొచ్చావా?"
నవ్వింది కూడా. అప్పటికింకా నవ్వే విషయమే.

కెయిరన్‌కి ఇరవై రెండు.
మూల దగ్గర రబ్బరు ముడత పడకుండా తిప్పడం
వాడికి నేర్పడానికి మూడు వారాలు పట్టింది.
పబ్బు బయట ఎవరి దవడో విరిగింది,
వీడి పిడికిలే అన్నారు.
నాయనమ్మ మిసెస్ హోబ్స్‌కున్న ఆస్తల్లా
చక్రాల మీద ఆక్సిజన్ సిలిండరు. అదీ ఆస్పత్రిదే.
ఆవిడ నన్నేమీ అడగలేదు.
నా వైపు చూసింది, అంతే.

ఎవరూ పెట్టమనలేదు గానీ, నా భయం నాది,
రోజూ సాయంత్రం ఏడింటికి ఫోను చేసేవాణ్ణి.
ఇంట్లోనే ఉన్నానని ఇంగ్లీషులో చెప్పి
చివర "బాబాయ్" తగిలించేవాడు.
ఆ ఒక్క ముక్కా నేను నేర్పిందే.

విచారణ నాలుగు రోజులుందనగా
వాడి గొంతు వెనక సీగల్స్ లేవు.
మా ఊళ్ళో ఏ వీధిలో నిలబడి మాట్లాడినా
సీగల్స్ అరవని ఫోనుండదు.

ఆ రాత్రి పోలీసులకి ఉత్తరం రాశాను:
వీడు రాడేమో, నన్ను పూచీ నుంచి తప్పించండి.
అలా రాసిచ్చినవాడికి చట్టం ఒక సందు వదిలిందని
నేను సంతకం చేసిన కాగితాల్లోనే ఉంది,
బాగా సన్న అక్షరాల్లో.

వీధి చివర పాలరంగు ఫోను బూతు,
దాని పక్కన ఎర్ర పోస్టు డబ్బా.
ఆ నోటి ముందు వానలో నిలబడ్డాను.
చేతిలో ఉన్నది ద్రోహమో జాగ్రత్తో తేల్చుకునేలోగా
చొక్కా మొత్తం తడిసింది.

సోమవారం వాడి పేరు మూడుసార్లు పిలిచారు.
మొదటిసారి అందరం తలుపు చూశాం.
రెండోసారి గడియారం.
మూడోసారి నన్ను చూశారు.

నెల తిరిగాక పిలుపు నాకు.
ముక్తేశ్వరరావు వాళ్ళ నోట్లో పడి
నాలుగు ముక్కలై బయటికొచ్చాడు.
జడ్జి కఠినుడు కాడు. దాంతోనే చిక్కొచ్చింది.
"అతను రాడని మీకు ముందే అనుమానం కలిగిందా?"
నా తప్పు లేదని తేలితే తగ్గిస్తారట.
కోటు లోపలి జేబులో ఉత్తరం,
ఆ రాత్రి తడి ఇంకా ఆరనట్టే ఉంది.

"ఫోన్లో పక్షులు వినపడలేదండీ" అన్నాను.
ఆయన కలం ఆపి
మళ్ళీ చెప్పమన్నాడు.

మూడు వేల రెండొందలు. పది నెలల గడువు.
కట్టకపోతే జైల్లో ఎన్ని రోజులో కూడా చదివారు,
చదివే ముందు కాసిని నీళ్ళు తాగి.

సుజన ఇంకా ఎడమవైపే నములుతోంది.
శుక్రవారాలు మా తలుపు కిందికి
ఇరవై పౌండ్ల నోటున్న కవరొకటి జారుతుంది.
నేను గడియ తీసేలోగా
చక్రాల చప్పుడు మలుపు తిరిగిపోతుంది.

ఏడయితే చెయ్యి దానంతటదే నంబరు నొక్కుతుంది.
ఇన్నాళ్ళూ పలకలేదు.
నిన్న మోగింది. ఎవరో ఎత్తారు.
మాట లేదు.
నేనూ ఊపిరి బిగబట్టి
పక్షుల కోసం విన్నాను.