ఉత్తరం: వాగు

దస్తావేజులో ఉత్తరపు హద్దు: వాగు.
ఏ వాగని రాయలేదు గుమాస్తా,
అప్పటికి ఒక్కటే మరి.

మెల్లగా ఒరుసుకుంటూ జరిగితే
హద్దూ దాని వెంటే నడుస్తుందట.
ఒక్కరాత్రిలో దూకితే మాత్రం
ఉన్నచోటే ఉంటుందట.
చట్టం.

నడిచిందనే అంది కింది కోర్టు.
గ్రాఫ్టన్ నుంచి సిడ్నీ దాకా
పదకొండు ఎకరాల చెరుకు
ఫైళ్ళలో ఎండిపోయింది.

కొలతలు తీసిన సర్వేయర్ని నేను.
నా పటంలో రెండు నీలిగీతలు,
మధ్యన మెర్విన్ ట్రాక్టరు,
తుప్పుపట్టి.

అప్పీల్లో సాక్షుల్ని పిలవరు.
డల్సీ పాత వాంగ్మూలం
లాయరు గొంతు సవరించుకుని చదివాడు:

"ఆ రాత్రి రేకుల మీద
వాన చప్పుడు హాయిగా ఉంది.
నాకప్పుడు ఆరేళ్ళు.
నిద్రపోయాను."