పొలమారితే

సాలిగ్రామంలో, పాత రికార్డింగ్ థియేటర్ వెనక సందులో
నా దగ్గుకి ఒకప్పుడు రేటుండేది.
మంచం పట్టిన తండ్రికి ఒకటి,
క్షయ తగిలిన రిక్షావాడికి ఒకటి,
అబద్ధమాడే ముందు జమీందారు సవరించుకునే గొంతు
ఊరికే, కొసరు.
"పరంజ్యోతిగారూ, ఇంకాస్త తడిగా" అనేవాడు
అద్దం వెనకనుంచి ఇంజనీరు.
తడిగా దగ్గేవాణ్ణి.
మధ్యాహ్నం లేచి, అదే గొంతుతో
ఆకులో చారు జుర్రేవాణ్ణి.

ఇప్పుడు యాళిని అంటుంది:
"అయ్యా, ఒకసారి దగ్గండి."
ముప్పై ఏళ్ళుండవు పిల్లకి. తమిళంలో తెలుగు కలిపి వడ్డిస్తుంది.
గొట్టంలోకి దగ్గుతాను.
ముల్లు కొంచెం లేచి, సిగ్గుపడ్డట్టు కూర్చుంటుంది.
"ఇది దగ్గు కాదయ్యా. దగ్గుకి తీసిన ఫోటో."
ముందు కోపం వచ్చింది, తర్వాత నవ్వొచ్చింది.
ఆ నవ్వుకీ గాలి చాల్లేదు.

పార్కిన్సన్ అన్నారు.
చేతి వణుకు అందరికీ కనిపిస్తుంది,
వడపళని బస్సులో లేచి సీటిస్తారు.
గొంతు మొద్దుబారితే ఎవరికి కనిపిస్తుంది?
బేరియం కలిపిన తెల్లటి జావ మింగించి
ఎక్స్‌రే తెరమీద చూపించారు.
ఒక సన్నటి చుక్క
తిండిదారి వదిలి గాలిదారిలోకి,
తలుపు ఓరగా ఉన్న ఇంట్లోకి పిల్లి దూరినట్టు,
చప్పుడు లేకుండా.
నేను దగ్గలేదు.
నాకు తెలియనే లేదు.

పొలమారితే ఎవరో తలుచుకుంటున్నారనేది మా అమ్మ.
అరచేత్తో మాడు మీద తడుతూ పేర్లు చదివేది.
మావయ్యా? సూళ్ళూరుపేట పిన్నా? అప్పిచ్చిన శెట్టా?
ఏ పేరు దగ్గర దగ్గు ఆగితే వాళ్ళే.
ఇప్పుడు నీళ్ళు అడ్డదారిన పోయినా పొలమారదు.
ఆ రాత్రి లైటు తీసేశాక వకుళ అడిగింది,
"అంటే ఎవరూ తలుచుకోవట్లేదనా?"
జవాబు మింగేశాను.
ఆ రోజు మొత్తమ్మీద
అదొక్కటే సరిగ్గా దిగింది.

నా నీళ్ళకి పొడి కలుపుతారు.
కాఫీ తేనెలా జారుతుంది, కాఫీలా ఉండదు.
చారుకి బహిష్కారం. రాగి అంబలికి స్వాగతం.
గడ్డం రొమ్ముకి ఆనించు, గట్టిగా మింగు,
ఉత్త నోటితో మరోసారి మింగు.
ముద్ద ముద్దకీ తల వంచుతున్నాను.
డెబ్బై ఏళ్ళుగా అన్నానికి
ఇంత మర్యాద ఎప్పుడూ చెయ్యలేదు.

పొద్దున్నే బాల్కనీలో కూర్చుని
స్ప్రింగున్న పీకలోకి ఊదుతాను. ఐదేసి సార్లు, ఐదు విడతలు.
కింద ఇస్త్రీబండి దగ్గర మునుసామి బొగ్గులు ఊదుతుంటాడు.
అతనికి బొగ్గు ఎర్రబడుతుంది, నాకు మొహం.
పాలలెక్క రాసే పుస్తకంలో
వకుళ నా ఊపిరికి గీతలు పెడుతుంది.

తగ్గుతుందా అని యాళినిని అడగలేదు.
అడిగితే ఆ పిల్ల అబద్ధం చెప్పదు.
తనే అంది, బిగించిన స్ప్రింగుని ఇంకో పావు చుట్టు తిప్పుతూ:
"జబ్బు దాని నడక అది నడుస్తుందయ్యా.
మనం వాకిట్లో కుక్కని పెంచుదాం."

ఐదోవారం, మంగళవారం.
ఇడ్లీ మీద చట్నీలో ఎక్కడో దాక్కున్న కొబ్బరిపలుకు.
గడ్డం వంచడం మరిచిపోయాను.
దగ్గొచ్చింది.
నేను వేసింది కాదు, దానంతటది వచ్చింది,
ఎవరూ అడగని దగ్గు, రేటు లేని దగ్గు,
మొరటుగా, మొరుగుతూ.
ప్లేటు మీద గ్లాసు దొర్లింది.
మునుసామి తలెత్తి చూశాడు.

వకుళ వంటింట్లోంచి పరిగెత్తుకొచ్చి
చెంపల మీద నీళ్ళు కారుతుండగా
నా మాడు మీద అరచెయ్యి వేసింది.
మునుసామా? యాళినా? మీ చెల్లెలా?
బతికున్నవాళ్ళు త్వరగానే అయిపోయారు.
పోయినవాళ్ళని అందుకుంది:
సూళ్ళూరుపేట పిన్నా? అద్దం వెనక ఇంజనీరా? మీ అమ్మా?

పలుకు ఎప్పుడో బయటపడింది.
చివరి రెండు దగ్గులూ మాత్రం,
మీకైతే చెప్పొచ్చు,
కొసరు.