యాభై ఏడున్నర

కుజే తొకుజిరో తల కొలత
యాభై ఏడున్నర సెంటీమీటర్లు.
క్యోటో స్టూడియోలో ఆ సంగతి నాకొక్కదానికే తెలుసు.
మిగతావాళ్ళకి ఆయన పేరే సరిగ్గా తెలీదు.

రాగిరేకు టోపీ నెత్తిన దించి
చిన్న సుత్తితో అంచులు సరిచేసేదాన్ని.
కళ్ళు మూసుకునే అడిగేవాడు:
"ఇవాళ ఎన్నింటికి చస్తాను, షిగెనో గారూ?"
భోజనానికి ముందే అంటే సంబరపడేవాడు.
నిండు పొట్టతో నేలకొరగడం కష్టమట.

దొంగ, బంట్రోతు,
ప్రభువుగారి చెప్పులు మోసే మనిషి.
ఒకే ఒక్క క్లోజప్:
వాన వెలిశాక కూడా
గొడుగు మూయడం మరిచిన కాపలావాడు.
ఆ సినిమా రెండు వారాలే ఆడింది.
నేను నాలుగుసార్లు చూశాను,
గొడుగు కోసం కాదు.

తర్వాత వెదురు కత్తులకు వెండికాగితం ఊడింది.
టీవీలో అందరికీ క్రాపులొచ్చాయి.
టోక్యో వెళ్ళి పదకొండేళ్ళు
ఒక పోలీసు సీరియల్లో
శవాన్ని మొట్టమొదట చూసేవాడయ్యాడు.
"అయ్యో" అన్న ఒక్క మాట.
వినండి, ఏ రెండు అయ్యోలూ ఒకలా ఉండవు.

నిన్న వచ్చాడు. ముసలి పడవవాడి వేషం.
మనవడి వయసు దర్శకుడు అన్నాడు:
"విగ్గెందుకు? ఈ జుట్టే చాలు."
అయినా వచ్చి నా కుర్చీలో కూర్చున్నాడు,
అలవాటుగా కళ్ళు మూశాడు.
కామెల్లియా నూనె రాసి దువ్వుతుంటే
టేపు పెట్టకుండానే తెలిసింది
అర సెంటీమీటరు తగ్గిందని.

చెప్పలేదు.
"ఇవాళ చావు లేదు," అన్నాను.
"మరి?"
"పడవ కట్టేసి ఇంటికెళ్ళడమే."

ఇంటికి ఎలా వెళ్తారో
చాలాసేపు ఆలోచిస్తూ కూర్చున్నాడు.