వెనక ఎక్కువ

చండూరు శాఖా గ్రంథాలయంల
చరిత్ర బీరువా తలుపు కీచుమంటది.
మధ్యాహ్నం దుకాణం బందు వెట్టి
చేతికంటిన సుద్ద లాగుకు తుడుచుకొని
నేనక్కడ సూదిని దేవులాడుతుంట.

రాజు జరీ అంగరఖా తొడిగిండు, సరే.
దాని చంకల గుడ్డ చాలకుంటే
చెయ్యి లేపి కత్తి ఎట్ల దూసిండు?
ఆ చంకముక్క కత్తిరించినోని పేరు
పేజీ కింద సన్నక్షరాలల్ల గూడ లేదు.
నవలల్ల దర్జీ ఉంటడు గని
గడప పక్కన నిలవడి కొలత తీసుకొని
రెండో పేరా రాకముందే ఎల్లిపోతడు.

సూది కోసం సోదికి పోతే
పాతయన్నీ బయటవడ్డట్టు
నాకు మేర పెంటయ్య పుస్తకం యాదికొచ్చింది.

అచ్చు పుస్తకం గాదది.
కిరాణకొట్టు చిట్టాకాయితాలను బోర్లేసి
దబ్బనంతోటి ఆయనే కుట్టుకున్నడు.
అట్టకు ఖాకీ లాగు పీలిక.
లోపల పొడుగు, భుజం, ఛాతి, చెయ్యి, మెడ.
అన్ని అంకెలే.
నేనప్పుడు కాజాలు కుట్టే పోరన్ని.
చెవి మీది పెన్సిల్ తీసి ఆయనే రాసుకునేది,
నన్ను ముట్టనిచ్చేటోడు గాదు.

ముత్తిలింగం పేజీ తీస్త.
మర్రిగూడ దిక్కు మనిషి, బాయిలు తవ్వేటోడు.
పెండ్లి అంగికి: పొడుగు ముప్పై. ముందు, వెనక ఒకటే.
బిడ్డ పుట్టిన యేడు: ముప్పై. వెనక అర ఎక్కువ.
కరువు యేడు: ముందు ఇరవై ఎనిమిది. వెనక రెండు ఎక్కువ.
ఎడమ చెయ్యి: వంపుతోటి కొలవాలె.
ఆఖరుకు
ముందు ఇరవై నాలుగు,
వెనక ముప్పై ఒకటి.

నీళ్ల గురించి ఒక్క ముక్క రాయలే పెంటయ్య.
బొక్కల గురించి రాయలే.
సీసాలల్ల నీళ్లు పట్టుకపోయిన ఆఫీసర్లు
దుకాణం ముందట్నే చాయ తాగి జీపెక్కిండ్రు.
వాళ్లకు లెక్కలే కావాలె.
లెక్కలు మిషిని సొరుగుల ఉండె.

ముత్తిలింగం వస్తుండంటే
అద్దాన్ని గోడ దిక్కు తిప్పేటోడు పెంటయ్య.
"దుమ్ము వట్టింది లే" అనేటోడు.
టేపు ఈపు మీద పరిచి
అంకె పైకనకుండ పెదవులల్లనే మింగేటోడు.
రాత్రి కందిలి పెట్టుకొని
గుడ్డ మీద ఒక వంపు గీసి
తుడిచి, మళ్ల గీసి,
బీడీ ఆరిపోయింది గూడ సోయి లేకుండ
మళ్ల తుడిచి.

తెల్లారి ముత్తిలింగం తొడుక్కుంటే
కింది అంచు సక్కగ, నేలకు సమానం.
వంగిన మనిషి మీద
వంగని అంగి.
"పోయిన కొలతకే కుట్టినవా?" అనడిగేది.
"పోయిన కొలతకే" అనేటోడు పెంటయ్య
దారం పండ్లతోటి తెంపుకుంట.

ఇప్పుడు నల్లాలల్ల కిష్ట నీళ్లు.
నేను బడిపోరగాండ్లకు కుడుతున్న అంగీలు
ముందు, వెనక ఒక్కతీరుగనే ఉంటున్నయి.
ఒక్కోసారి అలవాటున
ఈపు కాడ రెండంగులాలు ఎక్కువ వదిలి
మళ్ల కత్తిరిస్త.

పెంటయ్య తనకు తాను ఎన్నడు కుట్టుకోలే.
ఎవరో వదిలేసి పోయినయి తొడుక్కునేది.
ఆఖరు యేడు ఒక్కసారి పిలిచిండు:
"నా కొలత తియ్యిరా. రాయకు."

మెడ కాణ్ణించి టేపు వదిలిన.
అది దిగుతనే ఉంది, దిగుతనే ఉంది.
తలెత్తి చూస్తే
అద్దం అప్పటికే గోడ దిక్కు తిరిగి ఉండె.

"ఎంత?" అన్నడు.
"పోయిన కొలతే" అన్న.
"పోయినసారి ఎప్పుడు తీసినవ్‌ రా?"
నవ్వుకుంటనే దగ్గు తెచ్చుకున్నడు.

పుస్తకంల ఆ పేజీ ఒక్కటే నా చేతిరాత.
పైన మేర పెంటయ్య అని రాసిన.
కింద గీతలు గీసిన.
అంకెలు రాయలే.