జమ: ఒకటి

క్లబ్బు లెక్కల పుస్తకం నా దగ్గరుంటది.
అట్ట మీద పేరు: చిలకలగూడ రోవర్స్.
మొదటి పేజీల ఇరవై రెండు సంతకాలు,
కొన్ని సంతకాలకు ఇప్పుడు మనుషుల్లేరు.
చందా ఇచ్చేటోళ్లం తొమ్మిది మందిమి,
అందుల ఒకడు మోకాలు పోయినంక ఆడడు,
పైసలైతే ఇస్తడు.

ఆదివారం పొద్దుగాల ఆరింటికి
గ్రౌండు అందరిదీ, మాది తప్ప.
నాలుగు క్రికెట్ మ్యాచులు
ఒకదాని మీద ఒకటి పరుచుకొని ఉంటయి.
నడుమ మేం సున్నం డబ్బతోని
మా జాగ గీసుకుంటం.
వాకింగుకొచ్చిన పెద్దమనుషులు
కార్నరు మీదికెళ్లి పోతూ పోతూ
"ఇంకా ఆడుతున్నరా మీరు?" అంటరు,
దవాఖానల మంచం పక్కన నిలబడి అడిగినట్టు.

గోల్‌కీపర్ ఖదీర్
రాత్రంతా డెయిరీల పాల క్రేట్లు ఎత్తి
కండ్లు ఎర్రగ చేసుకొని వస్తడు.
పోస్టుకు ఆనుకొని నిలబడి ఒక కునుకు,
బంతి వచ్చే చప్పుడుకు మెలకువ.
భిక్షపతికి యాభై మూడేండ్లు,
లాలాగూడ వర్క్‌షాపుల ఫిట్టరు. ఉరకడు.
ఉరికొచ్చే పోరడు యాడికి వస్తడో
ముందుగాల్నే పోయి ఆడ నిలబడతడు,
బస్సు కోసం నిలబడ్డట్టు.
క్లెమెంట్ చర్చి టైముకు
సగం మ్యాచిల షూ విప్పుతడు.
దేవునితోని మేం కొట్లాడలేం.

నెట్టు పోయిన వానకాలం చినిగింది.
కొత్తదానికి నాలుగు వేల రెండొందలు అన్నడు.
పుస్తకంల "చూద్దాం" అని రాసిన.
ఆ చూద్దాం అట్లనే ఉన్నది.

ఆ రోజు మల్కాజిగిరి టీముతోని.
పదకొండు మందికీ ఒకే రంగు సాక్సులు.
క్లెమెంట్ పోయేసరికి ఆరు గోల్సు అయినయి.
గోల్ వెనక బాలు ఏరుకుంట
ఒక క్రికెట్ పిల్లగాడు దొరికిండు,
ఒక కాలికి ప్యాడు, ఒక కాలికి లేదు.
"వస్తవా తమ్మీ?" అన్న.
"మూడో వికెట్ పడేదాక ఆడత," అన్నడు.
పేరు సాకేత్ అంట.

ఏడోది కూడ అయినంక, భిక్షపతి
సగం గ్రౌండు కాణ్నించి ఒక ఫ్రీకిక్ కొట్టిండు.
గాలిల బంతి ఏదో మరిచిపోయినట్టు ఆగి,
కిందికి వంగి,
ఆ పిల్లగాని భుజానికి తగిలి
పోస్టుల నడుమ నుంచో పక్క నుంచో
పోయింది, గోడ దాటింది, నాలాల పడ్డది.

రెఫరీ నోట్లె విజిలు, ఊదలేదు.
నెట్టుంటే నెట్టు చెప్పేది.
నెట్టు లేని కాడ మనిషే చెప్పాలె.
వాళ్ల గోల్‌కీపరు, మీసాలింక రాని పోరడు,
గ్లవుసుతోని మూతి తుడుచుకొని
"లోపట్నుంచే పోయింది సార్," అన్నడు.
వాళ్లోళ్లే వాణ్ని తిట్టిన్రు.

మేం గంతులేయలేదు.
అందరం గోడ మీదికి వంగి చూస్తున్నం:
నల్లటి నీళ్లల్ల, థర్మకోల్ ముక్కల నడుమ,
మా బంతి తిరుక్కుంట తిరుక్కుంట
తీరుబడిగ పోతున్నది,
ఏడాదికి ఒక్కసారి ఊరేగిన దేవుని తీరుగ.
ఖదీర్ ఆ కొస నుంచి ఉరికొచ్చి
"గోలేనా? నిజంగనా?" అని
నిద్రంత రాలిపోయేటట్టు నవ్విండు.
అవతల ఎవడో కేక వేసిండు, వికెట్ పడ్డదని.
సాకేత్ బ్యాటు కోసం పోయిండు,
మళ్ల తిరిగి చూడలేదు.

రాత్రి పుస్తకం తెరిచిన.
సున్నం అరవై. నిమ్మకాయలు ఇరవై.
రెఫరీ మూడొందలు, బాకీ.
బంతి పదకొండు వందలు.
జమ దిక్కు గీత కింద
శానా నెలల సంది తెల్లగ ఉన్న కాడ
గోల్, ఒకటి, అని రాసిన.
ఎవరి ఖాతాల? సాకేత్ అని రాసి
ఇంటిపేరు కాడ జాగ ఇడిసిపెట్టిన.

వచ్చే ఆదివారం అల్వాల్ టీముతోని.
ఫోన్ చేసి చెప్పాలె,
బంతి వాళ్లనే తెచ్చుకోమని.